కేసు తేల్చండి! అటకెక్కించకండి!

హైకోర్టు స్టేలతో ఆగిపోయిన క్రిమినల్ కేసుల్లోని బాధితులకు, సాక్షులకు, వారి పక్షాన నిలబడే ప్రతి ఒక్కరికీ ఈ కరపత్రం



మీ ఇంట్లోనో మీ వాడలోనో ఒకరికి అన్యాయం జరిగింది. పొలం గట్టు కోసం తల పగలగొట్టారు. కట్నం కోసం కూతుర్ని కాల్చారు. కులం పేరుతో తిట్టి తన్నారు. చిట్టీల పేరుతో జీవితకాలం పొదుపు ఊడ్చుకుపోయారు. స్టేషన్ చుట్టూ తిరిగి తిరిగి ఎఫ్‌ఐఆర్ కట్టించారు. చార్జిషీటు పడింది, కోర్టులో నంబరు అయింది. సాక్షులను బతిమాలి, కూలి మానుకుని, తెల్లారకముందే బస్సెక్కి కోర్టుకు పోయారు. బెంచి క్లర్కు కాగితాల కట్ట తిరగేసి, పైన కుట్టిన చీటీ చూసి, ఒక్క మాట చెప్పాడు: "ఇందులో హైకోర్టు స్టే ఉందమ్మా. మళ్ళీ సమన్లు వస్తే రండి."

సమన్లు రావు. ఏడాది గడుస్తుంది, రెండేళ్ళు గడుస్తాయి. దర్యాప్తు చేసిన ఎస్సై బదిలీ మీద వెళ్ళిపోతాడు, తర్వాత రిటైరవుతాడు. చూసిన సాక్షుల్లో ఒకరు హైదరాబాద్‌కో బెంగళూరుకో వలస పోతారు, ఒకరు కాలం చేస్తారు. నిందితుడు మాత్రం అదే ఊళ్ళో, అదే వీధిలో, మీ ఎదురుగానే తిరుగుతుంటాడు. కేసు గెలవనూ లేదు, ఓడనూ లేదు. అటకెక్కింది.

ఇది మీ ఒక్కరి గోడు కాదు. ఏ జిల్లా కోర్టుకు వెళ్ళినా 'హైకోర్టు ఉత్తర్వుల కోసం' అని వాయిదా పడే ఫైళ్ళు ఉంటాయి. దేశంలోని కోర్టుల లెక్కలు చూపించే జాతీయ జ్యుడీషియల్ డేటా గ్రిడ్‌లో కేసులు ఆలస్యం కావడానికి కారణాల పట్టీలో స్టే కూడా ఒకటిగా ఉంది. ప్రజాప్రతినిధుల కేసుల సంగతే తీసుకోండి. 2020లో సుప్రీంకోర్టు ముందు పెట్టిన నివేదిక ప్రకారం తాజా, మాజీ ఎంపీలు, ఎమ్మెల్యేలపై దేశవ్యాప్తంగా 4,442 క్రిమినల్ కేసులు పెండింగులో ఉన్నాయి. వాటిలో 352 కేసుల్లో విచారణ పైకోర్టుల స్టేతో ఆగింది. అవి పేరున్న వాళ్ళ కేసులు కాబట్టి ఎవరో ఒకరు లెక్కపెట్టారు. ఊరి పేరు కూడా పేపర్లో రాని మన కేసులను లెక్కపెట్టిన వాళ్ళు లేరు.

హైకోర్టుకు ఈ అధికారం ఎక్కడిది, దాని హద్దు ఎక్కడ?

పాత సీఆర్‌పీసీలో (క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో) 482వ సెక్షన్ ఉండేది. 2024 జూలై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో అదే 528వ సెక్షన్‌గా కొనసాగుతోంది. కోర్టు ప్రక్రియ దుర్వినియోగం కాకుండా ఆపడానికి, న్యాయం నిలబెట్టడానికి అవసరమైన ఉత్తర్వులు ఇచ్చే సహజ అధికారం హైకోర్టుకు ఉందని అది చెబుతుంది. 'క్వాష్ పిటిషన్' అని మనం వినేది ఈ సెక్షన్ కింద వేసేదే. అంటే పెండింగులో ఉన్న ఎఫ్‌ఐఆర్‌నో చార్జిషీటునో విచారణ దాకా పోనివ్వకుండా మధ్యలోనే కొట్టేయమని అడగడం. రాజ్యాంగం 226, 227 అధికరణాల కిందా హైకోర్టుకు వెళ్ళవచ్చు.

అధికారం పెద్దది. అందుకే దాన్ని అరుదుగా, ఆచితూచి వాడాలని సుప్రీంకోర్టు 1960లో ఆర్.పి. కపూర్ కేసు నుంచి ఇప్పటిదాకా చెబుతూనే ఉంది. క్వాష్ పిటిషన్ వేసే ప్రతి వకీలు నోటా వినపడే పేరు భజన్‌లాల్ కేసు. 1990 నవంబరులో వచ్చిన ఆ తీర్పులో ఏడు రకాల సందర్భాలు చెప్పారు. ఫిర్యాదులో రాసినదంతా నిజమనుకున్నా నేరం కాని కేసు, బుద్ధి ఉన్నవాడెవడూ నమ్మలేని ఆరోపణల కేసు, చట్టమే అడ్డుకునే కేసు, కక్ష తీర్చుకోవడానికే పెట్టిన కేసు, ఇలాంటివి కొట్టేయవచ్చు. ఆ ఏడు సందర్భాలను అప్పజెప్పే వాళ్ళు ఆ కేసులో చివరికి ఏమైందో మాత్రం చెప్పరు. హర్యానా రాజకీయ నాయకుడు భజన్‌లాల్‌పై ఆరోపణలను పంజాబ్, హర్యానా హైకోర్టు కొట్టేయడం తప్పని సుప్రీంకోర్టు తేల్చింది. దర్యాప్తు చేసిన అధికారికి సరైన అనుమతి లేదని అప్పటి దర్యాప్తును రద్దు చేసినా, మళ్ళీ సక్రమంగా దర్యాప్తు చేయించే దారి ప్రభుత్వానికి తెరిచే ఉంచింది.

క్వాష్ పిటిషన్ వినేటప్పుడు హైకోర్టు సాక్షి నిజం చెబుతున్నాడా, అబద్ధం చెబుతున్నాడా అని తూకం వేయకూడదు. అది విచారణ కోర్టు పని. సాక్షి బోనెక్కాలి, క్రాస్ ఎగ్జామినేషన్ జరగాలి, ఆ తర్వాతే నమ్మాలో వద్దో తేలాలి. అలాగే విచారణ మధ్యలో కింది కోర్టు ఇచ్చే చిన్నాచితకా ఉత్తర్వుల మీద రివిజన్ (పునఃపరిశీలన) పిటిషన్ పనికిరాదని కొత్త సంహిత 438వ సెక్షన్ రెండో ఉపవిభాగం చెబుతోంది. పాత చట్టంలోనూ ఇదే ఉండేది. ఏసీబీ పెట్టే అవినీతి కేసులకైతే ఇంకా గట్టి కట్టడి ఉంది. అవినీతి నిరోధక చట్టం 19వ సెక్షన్‌లో ఏ కోర్టూ ఈ చట్టం కింది విచారణకు స్టే ఇవ్వరాదని రాసి ఉంది. సహజ అధికారం పేరు చెప్పి కూడా ఆ నిషేధాన్ని దాటకూడదని 2001లో సత్యనారాయణ శర్మ కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. రాజ్యాంగం ఇచ్చిన అధికారాన్ని ఏ చట్టమూ తీసేయలేదన్నది నిజమే. కానీ చట్టసభ ఇంత కచ్చితంగా వద్దన్న చోట స్టే ఇవ్వాలంటే కారణం ఎంత బలంగా ఉండాలో ఆలోచించండి.

హైదరాబాద్ హైకోర్టుకు సంబంధించిన ముచ్చటే ఒకటి ఉంది. ఒక దాడి కేసులో ఎఫ్‌ఐఆర్ కొట్టేయడానికి అప్పటి ఉమ్మడి హైకోర్టు నిరాకరించింది. నిరాకరిస్తూనే దర్యాప్తు పూర్తయ్యేదాకా నిందితులను అరెస్టు చేయవద్దని పోలీసులను ఆదేశించింది. తెలంగాణ ప్రభుత్వం సుప్రీంకోర్టుకు వెళ్ళింది. 2017 జనవరి 6న సుప్రీంకోర్టు ఆ ఆదేశాన్ని తప్పుపట్టింది. కేసు కొట్టేయడానికి కారణం లేదన్న తర్వాత, ముందస్తు బెయిలు షరతులేవీ చూడకుండా ముందస్తు బెయిలు లాంటి రక్షణ ఇవ్వడం చట్టానికి అందని పని అంది. నాలుగేళ్ళ తర్వాత, 2021 ఏప్రిల్ 13న నిహారికా ఇన్‌ఫ్రాస్ట్రక్చర్ కేసులో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం అదే మాటను ఇంకా విడమరిచింది. 'కఠిన చర్యలు తీసుకోవద్దు' అని ఒక్క ముక్క రాసి పంపే ఉత్తర్వులు కుదరవు, ఎందుకు ఇస్తున్నారో కారణాలు రాయాలి, మామూలు పరిస్థితుల్లో దర్యాప్తును మధ్యలో ఆపకూడదు అని చెప్పింది.

ఇన్ని గీతలు గీసి ఉన్నా స్టేలు ఎలా వస్తున్నాయి? వచ్చినవి ఎందుకు పోవడం లేదు?

స్టే పుట్టే తీరు

నిందితుడి వకీలు హైకోర్టులో పిటిషన్ వేస్తాడు. ఒకటో ప్రతివాది ప్రభుత్వం, రెండో ప్రతివాది ఫిర్యాదు చేసిన మీరు. మొదటి రోజు ప్రభుత్వం తరఫున పీపీ (పబ్లిక్ ప్రాసిక్యూటర్) నోటీసు తీసుకుంటాడు. ఆయన చేతిలో మీ కేసు చార్జిషీటు కూడా ఉండదు. వివరాలు తెప్పించుకోవడానికి టైం అడుగుతాడు. 'ఈలోగా, పిటిషనర్ల హాజరుతో సహా తదుపరి చర్యలన్నీ నిలిపివేయాలి' అని మధ్యంతర ఉత్తర్వు వస్తుంది. మీకు పంపిన నోటీసు పాత చిరునామాకు పోతుంది, లేదా 'ఇంట్లో లేరు' అని తిరిగి వస్తుంది. ఆ తర్వాత ఆ పిటిషన్ ఎవరో మెన్షన్ చేసి వినమని అడిగితే తప్ప కాజ్‌లిస్టులోకి (రోజువారీ విచారణ జాబితాలోకి) రాదు. నిందితుడికి మెన్షన్ చేయాల్సిన పని లేదు, ఆయనకు కావలసింది దొరికింది. పీపీ ఆఫీసుకు గుట్టలకొద్దీ ఫైళ్ళు. మీకేమో స్టే వచ్చిందన్న సంగతే ఆలస్యంగా తెలుస్తుంది, అదీ కోర్టు వరండాలో.

న్యాయమూర్తులను తప్పుపట్టడానికి ఈ కాగితం వేయలేదు. రోజుకు అన్నేసి కేసులు వినే న్యాయమూర్తి ముందు మొదటి రోజు ఒక పక్షం కథే ఉంటుంది. రెండో పక్షం మాట్లాడాలంటే రెండో పక్షం అక్కడ ఉండాలి. మన తరఫున ఎవరూ లేకపోవడమే ఇందులో సగం రోగం.

ఆరు నెలల నియమం వచ్చింది, పోయింది

ఢిల్లీ మున్సిపల్ కార్పొరేషన్‌లో రోడ్లకు వేసే తారు రవాణా మీద దొంగ ఇన్‌వాయిస్‌లు పెట్టి డబ్బు తిన్నారని 2001లో సీబీఐ కేసు పెట్టింది. 2002లో చార్జిషీటు, 2007లో అభియోగాలు. అక్కణ్ణుంచి నిందితులు పైకోర్టులకు ఎక్కారు. ఏషియన్ రీసర్ఫేసింగ్ పేరుతో పిలిచే ఆ కేసులో 2018 మార్చి 28న సుప్రీంకోర్టు ఒక నియమం పెట్టింది. కారణాలు రాసి పొడిగిస్తే తప్ప సివిల్, క్రిమినల్ విచారణలపై ఏ స్టే అయినా ఆరు నెలలు దాటగానే దానంతట అదే పోతుంది. అప్పట్లో చాలామంది బాధితులు ఊపిరి పీల్చుకున్నారు. ఆరు నెలల తేదీ చూసుకుని కింది కోర్టులో మెమో వేస్తే కేసు కదిలేది.

2024 ఫిబ్రవరి 29న అయిదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం ఆ నియమాన్ని రద్దు చేసింది. అలహాబాద్ హైకోర్టు బార్ అసోసియేషన్ వేసిన కేసు అది. స్టే పొందిన మనిషి తప్పేమీ లేకుండా, కోర్టుకు తీరిక లేక కేసు వినకపోతే, ఆ మనిషి ఎందుకు నష్టపోవాలని ధర్మాసనం అడిగింది. అందులో న్యాయం ఉంది. అబద్ధపు కేసులో ఇరుక్కున్న వాడికీ అది రక్షణే. కాదనం.

అయితే అదే తీర్పులో మనకు పనికొచ్చే మాటలు ఉన్నాయి. అవతలి పక్షాన్ని వినకుండా ఇచ్చే మధ్యంతర ఉత్తర్వు మామూలుగా కొద్ది కాలానికే ఉండాలి. తర్వాత ఇరుపక్షాలనూ విని దాన్ని ఖాయమైనా చేయాలి, తీసేయనైనా తీసేయాలి. నిజాలు దాచి స్టే తెచ్చుకున్నా, తెచ్చుకున్నాక కావాలని వాయిదాలు అడుగుతూ, రాకుండా తప్పించుకుంటూ కేసును సాగదీసినా హైకోర్టు ఆ స్టేని ఎత్తివేయవచ్చు. కానీ ఎవరో ఒకరు వెళ్ళి అడగాలి.

ఇప్పుడు మనమున్న చోటు ఇదీ. స్టే దానంతట అదే పోయే రోజులు పోయాయి. అడిగిన వాడికే స్టే తొలగుతుంది. అడగడం ఎలాగో బాధితులకు చెప్పేవాళ్ళు లేరు. అందుకే ఈ కరపత్రం.

ఆగిన కాలంలో ఏం జరుగుతుందో మనకు తెలుసు

స్టే కేసును ఆపుతుంది గానీ ఊళ్ళో రాజకీయాన్ని ఆపదు. ఆ ఖాళీ కాలంలోనే పెద్దమనుషులు వస్తారు. "ఎన్నాళ్ళు తిరుగుతావు, నీకూ పిల్లలున్నారు, ఎంతో కొంత తీసుకుని రాజీ పడు" అంటారు. సాక్షి కౌలు పొలం నిందితుడి బంధువుదే అయి ఉంటుంది. ఆ ఏడు కౌలు వేరేవాళ్ళకు పోతుంది. సాక్షికి ఎవరూ ఏమీ చెప్పనక్కర్లేదు, అర్థమవుతుంది. చివరికి రాజీ కాగితం మీద వేలిముద్ర పడుతుంది. అదే కాగితం హైకోర్టులో పెట్టి, ఇరుపక్షాలూ రాజీ పడ్డాయి కాబట్టి కేసు కొట్టేయండి అంటారు.

ఇక్కడా హద్దు ఉంది. రాజీ మీద కేసు కొట్టేసే అధికారం హైకోర్టుకు ఉందని 2012లో జ్ఞాన్‌సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. డబ్బు లావాదేవీలు, కుటుంబ తగాదాల లాంటివాటికి అది సరే. హత్య, అత్యాచారం, దోపిడీ లాంటి ఘోర నేరాలకు రాజీ కుదరదని కూడా అక్కడే చెప్పింది. రాజస్థాన్‌లో ఒక టీచర్ విద్యార్థినిపై లైంగిక దాడి చేశాడని పోక్సో (పిల్లలపై లైంగిక నేరాల నిరోధక చట్టం) కేసు పెట్టారు. తండ్రి రాజీ పడ్డాడని 2022లో హైకోర్టు ఆ కేసు కొట్టేసింది. కేసుతో నేరుగా సంబంధం లేని పౌరులు దాన్ని సుప్రీంకోర్టుకు తీసుకెళ్ళారు. వాళ్ళ పిటిషన్ వినడానికి ఒప్పుకుని, 2024 నవంబరు 7న సుప్రీంకోర్టు ఆ కేసును మళ్ళీ బతికించింది. పొరుగింటి పిల్లకు జరిగిన అన్యాయం రాజీ కాగితం కింద సమాధి అవుతుంటే చూస్తూ ఊరుకోవాల్సిన పని లేదని దీనర్థం.

ఆలస్యం ఎవరిని తింటుందో తెలుగు నేల మీద అందరికీ తెలుసు. అప్పటి గుంటూరు జిల్లా చుండూరులో 1991 ఆగస్టు 6న దళితులను వెంటాడి చంపారు. ఎనిమిది మంది ప్రాణాలు పోయాయి. దేశంలో ఎక్కడా లేనట్టు ఆ ఊళ్ళోనే ప్రత్యేక కోర్టు పెట్టించుకోవడానికే బాధితులు ఏళ్ళ తరబడి కొట్లాడారు. తీర్పు వచ్చింది 2007 జూలై 31న. పదహారేళ్ళు. 21 మందికి యావజ్జీవ శిక్ష పడింది. 2014 ఏప్రిల్ 22న హైకోర్టు ఆ శిక్షలన్నీ కొట్టేసింది. ఆ ఆలస్యమంతా స్టేల వల్లే జరిగిందని మేం అనడం లేదు, దానికి కారణాలు చాలా ఉన్నాయి. కానీ పన్నెండేళ్ళూ పదిహేనేళ్ళూ గడిచాక ఒక సాక్షిని బోనెక్కించి 'ఆ రోజు ఎన్ని గంటలకు చూశావు, ఎవరి చేతిలో ఏ ఆయుధం ఉంది' అని అడిగితే ఏ మనిషి తడబడకుండా చెప్పగలడు? ప్రతి స్టే ఆ తడబాటుకు ఇంకో ఏడాది కలుపుతుంది.

క్వాష్ వద్దనడం లేదు

ఈ మాట గట్టిగా చెప్పాలి. దొంగ కేసులు ఉన్నాయి. భూసేకరణ వద్దన్న రైతు మీద, జీతం అడిగిన కార్మికుడి మీద, పోస్టు పెట్టిన కుర్రాడి మీద కేసులు పెట్టడం రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ చూశాం, ఏ పార్టీ ప్రభుత్వం ఉన్నా చూశాం. వాళ్ళకు హైకోర్టే దిక్కు. ఒక కవిత ఉన్న వీడియో పెట్టినందుకు ఎంపీ ఇమ్రాన్ ప్రతాప్‌గఢీ మీద గుజరాత్‌లోని జామ్‌నగర్‌లో కేసు పెట్టారు. దర్యాప్తు మొదట్లోనే ఉందంటూ హైకోర్టు జోక్యం చేసుకోలేదు. 2025 మార్చి 28న సుప్రీంకోర్టు ఆ కేసును కొట్టేసింది. నేరమే లేని చోట దర్యాప్తు తొలిదశలో ఉందన్నది అడ్డు కాదని చెప్పింది. అది మంచి తీర్పు. అలాంటి జోక్యం ఇంకా ఎక్కువ జరగాలి, త్వరగా జరగాలి.

త్వరగా అంటే ఎంత త్వరగా? 2023 సెప్టెంబరు 9న ఆంధ్రప్రదేశ్‌లో ఒక మాజీ ముఖ్యమంత్రిని అరెస్టు చేశారు. క్వాష్ పిటిషన్ అన్న మాట అప్పుడే ప్రతి ఇంటి టీవీలోనూ మోగింది. పిటిషన్ వేయడం, ఇరుపక్షాల పెద్ద పెద్ద వకీళ్ళు వాదించడం, హైకోర్టు తీర్పు చెప్పడం, అన్నీ సెప్టెంబరు 22కల్లా అయిపోయాయి. తీర్పు ఎవరికి నచ్చింది, ఎవరికి నచ్చలేదు అన్నది వేరే సంగతి. జైల్లో ఉన్న మనిషి పిటిషన్ అంత వేగంగా వినడం సబబే. రెండు వారాల్లో తేల్చడం సాధ్యమేనని దాంతో రుజువైంది. ఆ వేగాన్నే మనం మాదిగవాడలోని కేసుకూ, తండాలోని కేసుకూ, వరకట్నం కేసులో కూతుర్ని పోగొట్టుకున్న తల్లికీ అడుగుతున్నాం. దొంగ కేసైతే వెంటనే కొట్టేయండి, నిర్దోషి తలెత్తుకుని తిరుగుతాడు. నిజమైన కేసైతే వెంటనే కిందికి పంపండి, విచారణ జరుగుతుంది. ఇద్దరికీ అన్యాయం చేసేది మధ్యలో వేలాడదీయడమే.

ప్రజాప్రతినిధుల కేసుల్లో సుప్రీంకోర్టు ఇప్పటికే ఆ దారి చూపింది. స్టే ఉన్న కేసులను వెంటనే లిస్టు చేయండి, స్టే తప్పనిసరి అనిపిస్తే రోజువారీగా విని వీలైతే రెండు నెలల్లో తేల్చండి అని 2020 సెప్టెంబరులో హైకోర్టులకు చెప్పింది. 2023 నవంబరు 9న మళ్ళీ, స్టే ఉన్న కేసులను ప్రత్యేక ధర్మాసనం ముందు అత్యవసరంగా పెట్టి, అవసరమైతే స్టే ఎత్తివేయాలని ఆదేశించింది. ఎమ్మెల్యే కేసుకు ఉన్న తొందర ఎమ్మెల్యే అనుచరుడి చేతిలో దెబ్బలు తిన్నవాడి కేసుకు ఎందుకు ఉండకూడదు?

ఈ వారంలోనే చేయండి

ముందు మీ కేసు ఏ స్థితిలో ఉందో తెలుసుకోండి. ప్రతి కేసుకూ అక్షరాలు, అంకెలు కలిపి 16 ఉండే సీఎన్‌ఆర్ నంబరు ఉంటుంది. ఈ-కోర్ట్స్ యాప్‌లోనో వెబ్‌సైటులోనో అది కొడితే వాయిదా తేదీలు, ఏ రోజు ఏం జరిగిందో కనిపిస్తాయి. ఫోను వాడకం రాకపోతే చదువుకున్న పిల్లల చేత చూపించుకోండి. హైకోర్టు వెబ్‌సైటులో నిందితుడి పేరుతో వెతికితే క్వాష్ పిటిషన్ నంబరు, అందులో ఇచ్చిన ఉత్తర్వులు దొరుకుతాయి.

ఆ ఉత్తర్వు కాపీ తీసి ఒక్కొక్క మాటా చదివించుకోండి. ఇది చాలా ముఖ్యం. హైకోర్టులో పిటిషన్ పెండింగులో ఉన్నంత మాత్రాన కింది కోర్టు విచారణ ఆగిపోదు, ఆపమని ఉత్తర్వు ఉంటేనే ఆగుతుంది. కొన్ని చోట్ల స్టే నాలుగు వారాలకో ఫలానా తేదీ దాకానో ఇస్తారు. గడువు దాటాక పొడిగించకపోయినా కింద మాత్రం ఏళ్ళ తరబడి 'స్టే ఉంది' అనే రాస్తుంటారు. అలాంటప్పుడు స్టే ఇప్పుడు లేదని కింది కోర్టులో మెమో వేయించండి. స్టే ఒక్క ఏ-1కే (మొదటి నిందితుడికే) ఉంటే, మిగతా నిందితులపై కేసును విడదీసి నడపమని పీపీ చేత పిటిషన్ వేయించండి. ఒక్కడి స్టే నీడలో పదిమంది దాక్కునే వీలు ఇవ్వకండి.

స్టే నిజంగా అమల్లో ఉంటే హైకోర్టులో స్టే ఎత్తివేత పిటిషన్ వేయాలి. డబ్బు లేదని ఆగకండి. 1987 నాటి న్యాయ సేవల చట్టం ప్రకారం మహిళలకు, పిల్లలకు, ఎస్సీ, ఎస్టీలకు, వికలాంగులకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా వకీలును ఇవ్వాలి. మిగతా పేదలకు ఆదాయ పరిమితిని బట్టి ఇస్తారు. జిల్లా కోర్టు ఆవరణలోనే న్యాయ సేవాధికార సంస్థ ఉంటుంది. హైకోర్టు పనికి హైకోర్టు న్యాయ సేవల కమిటీ ఉంది. 15100కి ఫోన్ చేస్తే దారి చెబుతారు. మీ కేసుపై వచ్చిన స్టే 226వ అధికరణం కింద వేసిన రిట్‌లో, మిమ్మల్ని వినకుండా ఇచ్చినదైతే ఇంకో ఆయుధం ఉంది. దాన్ని తీసేయమని మీరు వేసిన దరఖాస్తును రెండు వారాల్లో తేల్చాలని, తేల్చకపోతే ఆ ఉత్తర్వు పోతుందని అదే అధికరణం మూడో క్లాజులో రాసి ఉంది. క్వాష్ పిటిషన్‌లో ఇచ్చిన స్టేకు ఇది వర్తించదు, కాబట్టి ఏ సెక్షన్ కింద వేశారో ముందు చూడండి.

'నీకేం పని, ప్రభుత్వం చూసుకుంటుంది' అని ఎవరైనా అంటే నమ్మకండి. ఉత్తరప్రదేశ్‌లోని లఖింపూర్ ఖేరీలో రైతులు చనిపోయిన కేసులో, బాధితుల మాట వినకుండా నిందితుడికి ఇచ్చిన బెయిలును 2022 ఏప్రిల్ 18న సుప్రీంకోర్టు రద్దు చేసింది. దర్యాప్తు నుంచి చివరి అప్పీలు దాకా ప్రతి దశలోనూ బాధితుడికి తన మాట వినిపించుకునే హక్కు ఉందని చెప్పింది. అట్రాసిటీ కేసుల్లో ఆ హక్కు చట్టంలోనే ఉంది. ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం 15ఏ సెక్షన్ ప్రకారం కేసులో ఏ కోర్టు ప్రక్రియ జరిగినా బాధితులకు సకాలంలో సమాచారం ఇవ్వాలి, వాళ్ళ మాట వినాలి. అదే చట్టం, చార్జిషీటు పడిన రెండు నెలల్లో వీలైనంతవరకు విచారణ ముగించాలని కూడా చెబుతోంది. మీకు తెలియకుండా స్టే వచ్చి ఉంటే ఆ ఒక్క సంగతే స్టే ఎత్తివేత పిటిషన్‌లో మొదటి పేరాగా రాయించండి.

మనం అడుగుతున్నవి

గౌరవ తెలంగాణ, ఆంధ్రప్రదేశ్ హైకోర్టులను వినయంగా అడుగుతున్నాం. బాధితుడికి నోటీసు అందిందో లేదో చూశాకే విచారణపై స్టే ఇవ్వండి. తప్పనిసరై ముందే ఇస్తే కారణాలు రాయండి, గడువు తేదీ వేయండి, ఆ తేదీకి కేసు కాజ్‌లిస్టులో తప్పకుండా వచ్చేలా చూడండి. స్టే ఉన్న క్రిమినల్ కేసుల జాబితాను జిల్లాలవారీగా వెబ్‌సైటులో పెట్టండి. ఏడాది దాటిన స్టేలను వినడానికి వారానికి కొన్ని గంటలైనా కేటాయించండి.

రెండు రాష్ట్ర ప్రభుత్వాలకు మాత్రం వినయంగా చెప్పాల్సింది ఏమీ లేదు. ఇది మీ బాధ్యత. క్వాష్ పిటిషన్ వేసిన రోజే స్టేషన్ నుంచి రికార్డు హైకోర్టు పీపీ ఆఫీసుకు ఎందుకు చేరదు? కౌంటర్ (జవాబు అఫిడవిట్) వేయడానికి ఏళ్ళు ఎందుకు పడుతుంది? ప్రతి జిల్లా ఎస్పీ, కమిషనర్ ఆఫీసులో స్టే కేసుల రిజిస్టరు పెట్టి, నెలనెలా చూసి, ఎత్తివేత పిటిషన్లు వేయించండి. తమ పార్టీ వాళ్ళ కేసైతే కౌంటర్ వేయకుండా ఊరుకోవడం, ఎదుటి పార్టీ వాళ్ళ కేసైతే పరుగులు పెట్టడం ఇక చెల్లదు. వకీలు సోదరులారా, మీ బార్ అసోసియేషన్లలో ఈ విషయం చర్చకు పెట్టండి. ఒక్కో తాలూకా కోర్టులో ఇద్దరు యువ వకీళ్ళు ముందుకొచ్చి స్టే కేసుల పట్టీ తయారు చేసినా చాలు, మన చేతికి లెక్క దొరుకుతుంది.

ఆ లెక్క కోసం సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తులు పెడదాం. మీ జిల్లాలో హైకోర్టు స్టేతో ఆగిన క్రిమినల్ కేసులెన్ని, ఏ సంవత్సరం నుంచి ఆగాయి, ప్రభుత్వం ఎన్నింటిలో ఎత్తివేత పిటిషన్ వేసింది? ఈ మూడు ప్రశ్నలే అడగండి. ఒకటి మీ ఎస్పీ ఆఫీసుకు, ఒకటి ప్రాసిక్యూషన్ల డైరెక్టరేట్‌కు, ఒకటి హైకోర్టు సమాచార అధికారికి. ముప్పై రోజుల్లో జవాబు రాకపోతే అప్పీలు వేయండి. వచ్చిన జవాబు జిరాక్సు తీసి కోర్టు గేటు దగ్గర, పంచాయతీ ఆఫీసు గోడ మీద, లైబ్రరీ నోటీసు బోర్డు మీద అతికించండి. మీ ఎమ్మెల్యే ఊరికి వచ్చినప్పుడు ఆ కాగితం చేతిలో పెట్టి అసెంబ్లీలో అడగమనండి.

ఈ కాగితం చదివిన ప్రతి ఒక్కరూ ఒక్క కేసు బాధ్యత తీసుకోండి. మీదే కానక్కర్లేదు. మీ వీధిలో కోర్టుకు తిరిగి తిరిగి మానేసిన ముసలాయన ఉంటాడు, సమన్ల కోసం చూసి చూసి వదిలేసిన ఆవిడ ఉంటుంది. వాళ్ళ దగ్గరున్న పాత ఎఫ్‌ఐఆర్ కాపీ, చార్జిషీటు నంబరు అడిగి తీసుకోండి. సీఎన్‌ఆర్ నంబరు వెతకండి. స్టే ఉత్తర్వు కాపీ తీయించండి. వాళ్ళను వెంటబెట్టుకుని జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు ఈ వారంలోనే వెళ్ళండి.